కరెంటు ఉండగా ఆగిన మగ్గాలు

వేడెక్కిన నూలు ధూళికి ఒక వాసన ఉంటుంది. ఇస్త్రీపెట్టె కింద పాత దుప్పటి కాస్త మాడినప్పుడు వచ్చే వాసనకు దగ్గరగా ఉంటుంది గానీ అంత ఘాటు ఉండదు. పోయిన ఆదివారం మధ్యాహ్నం, జోడ్‌భావి పేట్‌లోని మా ఇంట్లో, అంబదాస్ సార్ పాత కంప్యూటర్‌కు ప్లగ్ పెట్టి మీట నొక్కగానే ఆ వాసన వచ్చింది. సార్ పోయి అయిదు నెలలైంది. ఆయన భార్య రుక్కక్క ఆ పెట్టెను గోనెసంచిలో చుట్టి, కుంభారి నుంచి బస్సులో ఒళ్ళో పెట్టుకుని తెచ్చి, "నీకే ఇయ్యమన్నడు మీ సారు. నాకేం అక్కెర దీంతోని?" అని గడపలో దించి, ఛాయ్ కూడా తాగకుండా వెళ్ళిపోయింది. వాసన ముక్కుకు తగిలిన మరుక్షణం నా అరచేతులు చెమర్చాయి. నవ్వుకుంటే నవ్వుకోండి. ముప్పై దాటినదాన్ని, ఒక ఆసుపత్రి నెట్‌వర్క్ అంతా నా చేతి మీద నడుస్తోంది, నలుగురు కుర్ర ఇంజనీర్లు నన్ను మేడం అంటారు. అయినా ఆ వాసన వస్తే నేను పంతొమ్మిదేళ్ళ పిరికిపిల్లనే.

మాది మరాఠీ ఊళ్ళో తెలుగు నేతవాళ్ళ వాడ, ఇక్కడ చప్పుడుకు ఎవరూ భయపడరు. మగ్గాల టకటకలోనే పిల్లలు నిద్రపోతారు, అందులోనే ఆడవాళ్ళు ఒకరి మాట ఒకరికి వినిపించేలా గొంతు పెంచి కబుర్లాడుకుంటారు. మా భయమంతా నిశ్శబ్దానికి. మగ్గాలు ఆగితే అమ్మ ముందు తలెత్తి బల్బు వంక చూసేది. బల్బు ఆరిపోయి ఉంటే "లైట్ వోయింది" అని మళ్ళీ బీడీ ఆకు కత్తిరించుకునేది. బల్బు వెలుగుతూనే ఉండి మగ్గాలు ఆగాయంటే మాత్రం కార్ఖానాలో ఎవరిదో చెయ్యి మగ్గంలో పడిందని అర్థం. ఒకరికి దెబ్బ తగిలితే మిగతావాళ్ళు తమ మగ్గాలు ఆపి అటు పరుగెత్తుతారు, అందుకే ఆ నిశ్శబ్దం. అప్పుడు ఒక్కో గడపలోంచీ ఆడవాళ్ళు ఒళ్ళోని చేటలు పక్కకు నెట్టి గేటు దగ్గరకు పోయేవాళ్ళు. ఎవరూ ఎవరితోనూ మాట్లాడేవాళ్ళు కాదు. నాకు తొమ్మిదేళ్ళప్పుడు అలా ఆగిన ఒక రోజు మా బాపుది. కుడిచేతి రెండు వేళ్ళు పోయాయి. అమ్మ కొంగు పట్టుకుని గేటు దగ్గర నిలబడ్డ నాకు ఆ రోజు నుంచి భయం ఒంట్లో భాగమైపోయింది. గ్యాస్ పొయ్యి వెలిగించడానికి భయం, రోడ్డు దాటడానికి భయం, తరగతిలో నిలబడి జవాబు చెప్పడానికి భయం. జవాబు తెలిసినా సరే.

అంబదాస్ సార్ మొదట మగ్గాలు బాగుచేసే మనిషి. నలభై ఏళ్ళు వచ్చాక, అందరూ నవ్వుతుంటే, కంప్యూటర్లు నేర్చుకున్నారు. అశోక్ చౌక్ దగ్గర మా బాపు పనిచేసే తువ్వాళ్ళ కార్ఖానాకు కొత్త మగ్గాలు పన్నెండు వచ్చినప్పుడు వాటికి తీగలు వేసింది ఆయనే. ఆ మగ్గాలు తువ్వాలు మీది అల్లికను తమ కడుపులో దాచుకోవు. ఒక్కో తువ్వాలు మొదలుపెట్టే ముందు ఆఫీసు గదిలోని కంప్యూటర్‌ను అడిగి తెచ్చుకుంటాయి. ఆఫీసు తీగ వేరు, మగ్గాల తీగ వేరు. ఆ రెండింటి మధ్య దారి చూపించే పెట్టె రౌటర్. ఈ ఏర్పాటంతా చూసుకున్నందుకు యజమాని సేటు మా సార్‌కు కార్ఖానా మీది గది వాడుకోనిచ్చాడు. షరతు ఒక్కటే పెట్టాడు, "నీ కంప్యూటర్ తోని నా మగ్గం ఆగొద్దు అంబదాస్. ఆగిన దినం గది ఖాళీ." ఆ గదిలో సార్ మా వాడ పిల్లలు ఎనిమిది మందికి నెట్‌వర్కింగ్ నేర్పేవారు. మేం ఎనిమిది మందిమీ నేతవాళ్ళ పిల్లలమే, ఇంకెక్కడా చేరే తాహతు లేనివాళ్ళమే. ఆ గది పోతే మాకు మరో చోటు లేదు, సార్‌కు మరో బతుకుతెరువు లేదు. ఆ సంగతి మాకందరికీ తెలుసు.

నేర్చుకోవడానికి అసలు రౌటర్లు కొనడం మా తరమా? అందుకని సార్ రౌటర్ లోపలి సాఫ్ట్‌వేర్‌ను ఒక ఫైలుగా సంపాదించి, ఇదిగో ఇప్పుడు మా ఇంట్లో ఉన్న ఈ కంప్యూటర్ లోపలే రౌటర్‌ను లేపేవారు. వర్చువల్ రౌటర్. చేత్తో పట్టుకోలేం, కానీ అసలుదాని పనులన్నీ చేస్తుంది. దానికి ఎంత మెమరీ ఇవ్వాలో చెప్పాలి, ఎన్ని తీగలు తగిలించాలో చెప్పాలి, ఆ తీగల రెండో కొస ఎక్కడ ఉండాలో చెప్పాలి. ఆ చివరి మాటలోనే ఉంది అంతా. మా ల్యాబ్ తీగ కంప్యూటర్ లోపలే పుట్టి లోపలే ముగుస్తుంది. బయటి తీగ మెట్ల పక్కగా దిగి కార్ఖానాలోకి పోతుంది. మనం ఏమీ చెప్పకపోతే ఆ కంప్యూటర్ తనంతట తానే మొదటి కొసను బయటి తీగకు తగిలించేది. రోజూ సార్ ముందుగా చూసేది అదే.

మగ్గం నడిపించే ముందు మా బాపు వాళ్ళు "చేతులు" అని ఒక కేక వేసేవాళ్ళు. చుట్టుపక్కల ఉన్నవాళ్ళు చేతులు పైకెత్తి చూపించాకే మీట వేసేవాళ్ళు. సార్ ఆ అలవాటును మేడ మీదికి తెచ్చారు. రౌటర్‌ను లేపడానికి చివరి మీట నొక్కే ముందు "చేతులు" అనేవారు, మేం ఎనిమిది మందిమీ కీబోర్డుల మీంచి చేతులు తీసి పైకెత్తాలి. అప్పుడు ఆయన తెర మీద రాసినదంతా పైకి చదివేవారు. ఇంత మెమరీ, ఇన్ని తీగలు, మొదటి కొస లోపలికి, రెండో కొస లోపలికి. బయటినుంచి చూసినవాళ్ళకు బడిలో ప్రార్థన జరుగుతున్నట్టు ఉండేది. మాలో ఒకడు పళ్ళికిలిస్తే సార్ వాడి చెవి మెలిపెట్టి మళ్ళీ మొదటినుంచి చదివేవారు.

మీట నొక్కాక ఆరేడు నిమిషాలు తెర నల్లగా ఉంటుంది. పై మూల ఒక గీత ఆరుతూ వెలుగుతూ ఉంటుంది, అంతే. లోపల రౌటర్ లేస్తోందో చచ్చిందో తెలియదు. ఆ ఆరేడు నిమిషాలూ నాకు పై ప్రాణాలు పైనే పోయేవి. మొదటిసారి నా వంతు వచ్చినప్పుడు చున్నీ అంచు నోట్లో పెట్టుకుని నములుతున్నానట. సార్ పక్కకు వచ్చి నిలబడ్డారు.

"ఏంది సునీతా, చున్నీ తింటున్నవ్? పొద్దున ఏం తినలేదా?"

"భయమైతాంది సార్. తప్పయితే?"

"తప్పయితే ఏమైతది? తప్పు జేసేటందుకే ఈ గది వెట్టింది. ఈడ తప్పయితే ఎవని చెయ్యి తెగది."

"అయినా భయమైతాంది సార్."

"కానీ. భయం మంచిదే. భయం లేనోడే నడిచే మగ్గంల చెయ్యి వెడతడు. నాకు గూడ భయమే, చూడు" అని తన అరచెయ్యి చూపించారు. తడిగా ఉంది. అంతవరకు పెద్దవాళ్ళు ఎవరూ తమకు భయమని నాతో చెప్పలేదు. బాపు వేళ్ళు పోయిన రోజున కూడా ఇంట్లో అందరూ ధైర్యంగా ఉన్నట్టే నటించారు.

రెండో ఏడు చివర్లో పుణె నుంచి ఒక కంపెనీ మనిషి ఉద్యోగాలిచ్చేందుకు మా పని చూడటానికి వస్తానన్నాడు. అతని ముందు వర్చువల్ రౌటర్‌ను లేపి చూపించే పని సార్ నాకు అప్పగించారు. నాకు చలిజ్వరం వచ్చినంత పనైంది. ఆ ముందురోజు మధ్యాహ్నం సార్ భోజనానికి ఇంటికి వెళ్ళారు, మిగతావాళ్ళూ వెళ్ళారు. నేను ఆకలి లేదని ఉండిపోయాను. అసలు సంగతి అది కాదు. ఎవరూ చూడకుండా ఒకసారి చేసుకుంటే, తప్పు జరిగినా ఎవరికీ తెలియదు కదా అని. ధైర్యవంతుడు నలుగురిలో తప్పు చేస్తాడు. పిరికివాడు ఒంటరిగా చేస్తాడు, అందుకే వాడి తప్పు పెద్దదవుతుంది.

నేను చేసిన తప్పు నేతవాళ్ళ ఇంట్లో పుట్టిన పిల్ల తప్ప ఇంకెవరూ చెయ్యరు. మగ్గం మీద పడుగు అయిపోతే పాత దారాల కొసలు తీసెయ్యరు. కొత్త పడుగులోని ఒక్కో దారాన్నీ పాత పడుగులోని అదే వరుస దారానికి ముడివేసి ముందుకు లాగుతారు. దీన్ని అచ్చు అతకడం అంటారు. మా అమ్మ, మేనత్త రోజుల తరబడి కూర్చుని ఆ పని చేయడం చూస్తూ పెరిగాను. కొత్తది పాతదాని చోటుకు రావాలంటే దారానికి దారం సరిపోవాలన్నది నా రక్తంలో ఉంది. అందుకని కొత్త రౌటర్‌ను లేపడానికి కింద కార్ఖానాలో నడుస్తున్న రౌటర్ లెక్కలన్నీ సార్ పుస్తకంలోంచి ఉన్నవి ఉన్నట్టు ఎక్కించాను. నంబర్లతో సహా. ఎంత శుభ్రంగా అతికానో అని మురిసిపోయాను కూడా. మొదటి కొస ఎటు ఉందో చూడలేదు. "చేతులు" అనడానికి గదిలో ఎవరున్నారు? మీట నొక్కేశాను.

తెర నల్లబడింది. నేను గీత వంక చూస్తూ కూర్చున్నాను. ఆ గది నేల ఎప్పుడూ కింది మగ్గాలతో పాటు సన్నగా అదురుతూ ఉండేది, అలవాటు పడి మాకు తెలిసేది కాదు. గీత పోయి అక్షరాలు రావడం మొదలైన కాసేపటికి చప్పుడులో ఏదో తగ్గింది. ఒక మగ్గం ఆగింది. తువ్వాలు అయిపోయి ఉంటుంది అనుకున్నాను. ఇంకొకటి ఆగింది. తర్వాత రెండు ఒకేసారి. నేను తలెత్తి చూశాను. ట్యూబ్‌లైట్ వెలుగుతోంది. ఫ్యాన్ తిరుగుతోంది. బాపు కింద ఉన్నాడు. కుడిచేతికి మూడే వేళ్ళున్న మా బాపు కింద మగ్గం మీద ఉన్నాడు. అయిదు, ఆరు, తొమ్మిది. ఆఖరి మగ్గం ఆగాక నేల అదరడం మానేసింది. కిటికీ దగ్గరకు ఎలా వెళ్ళానో తెలియదు. సందులోంచి ఆడవాళ్ళు వస్తున్నారు. ఒకామె చేతిలో ఇంకా బీడీ దారం వేలాడుతోంది. అందరికంటే ముందు మా అమ్మ. ఎవరో "కాయ్ ఝాలం? ఏమయ్యింది? ఎవలకు తాకింది?" అంటున్నారు. అమ్మ పరుగెత్తి, గేటు ముందర మురుగు పారే గటారు మీది బండ మీద జారి పడింది. పడుతూ పడుతూ చెయ్యి ఆనించింది.

అప్పుడు తిరిగి చూశాను తెర వంక. ఇదే నంబరు ఇంకొకరి దగ్గర కూడా ఉందని రౌటర్ మొరపెట్టుకుంటోంది, ఒకే వరుస మళ్ళీ మళ్ళీ. ఒకే ఇంటి నంబరు రెండు తలుపుల మీద రాసినట్టయింది. మగ్గాలు నా తలుపు కొడుతున్నాయి, లోపల ఎవరూ లేరు. గబగబా నా రౌటర్‌ను చంపేశాను. మగ్గాలు నడవలేదు. మగ్గాలకు తగిలించిన కంప్యూటర్ పెట్టెలు తప్పుదారినే గుర్తుపెట్టుకుని కూర్చున్నాయని, ఒక్కొక్కదాన్ని ఆపి మళ్ళీ వెయ్యాలని అప్పటికి నాకు తెలియదు. తప్పు చెరిపేశాను, అయినా నిశ్శబ్దం పోలేదు. జన్మలో అంత భయం మళ్ళీ ఎరగను.

మెట్ల మీద చెప్పుల చప్పుడైంది. సార్. ఊపిరి అందడం లేదు ఆయనకు.

"ఏం జేసినవ్ బిడ్డా? ఉన్నది ఉన్నట్టు చెప్పు."

"నేనేం జెయ్యలే సార్."

ఆయన నా ముఖం చూశారు. తెర చూశారు. బల్ల మీద తెరిచి ఉన్న తన పుస్తకం చూశారు. తిరిగి కిందికి దిగారు. నేను వెనకే దిగి ఆఖరి మెట్టు మీద ఆగిపోయాను. సార్ మగ్గాల దగ్గరికి పోతారనుకున్నాను, రౌటర్ దగ్గరికి పోతారనుకున్నాను. ఆయన ముందు గేటు దగ్గరికి పోయారు. రెండు చేతులూ పైకెత్తి, "ఎవలకు ఏం గాలే. అందరి చేతులు మంచిగున్నయ్. కంప్యూటర్ బందయ్యింది, గంతే. తప్పు నాది" అన్నారు. అయినా ఆడవాళ్ళు కదల్లేదు. అప్పుడు వెనక్కి తిరిగి నేతవాళ్ళను పిలిచారు. "రాండ్రి, బయటికి రాండ్రి. చేతులు చూయించుండ్రి." పన్నెండు మందీ గేటు లోపల వరుసగా నిలబడి చేతులు ఎత్తారు. బాపు తన మూడు వేళ్ళ చెయ్యి కూడా ఎత్తాడు. బండ మీద కూర్చున్న అమ్మ ఆ చేతుల వంక చూసింది, బాగా చూసింది. అప్పటికి గానీ తన మణికట్టు నొప్పి ఆమెకు తెలియలేదు.

ఆ తర్వాతే సార్ పనిలోకి దిగారు. ఒక్కో మగ్గం పెట్టెనూ ఆపి, వేసి, ఆపి, వేసి. అంతా అయ్యాక సేటు వచ్చాడు. అరవలేదు. అరిస్తే బాగుండేది.

"మాట యాదికున్నదా అంబదాస్?"

"ఉన్నది సేట్."

"పోరగాండ్లు జేసిండ్రా?"

"లేదు. నేనే జేసిన."

నేను అక్కడే ఉన్నాను. పది అడుగుల దూరం. చున్నీ అంచు నోట్లో కుక్కుకుని నిలబడ్డాను. ఆ సాయంత్రానికి గది ఖాళీ అయింది. పుణె మనిషికి సార్ ఫోన్ చేసి రావద్దన్నారు. ఎనిమిది మందిలో ముగ్గురు చదువు మానేసి మగ్గాలకు పోయారు.

సార్‌కు కొన్నాళ్ళకు కుంభారిలో కార్మికులకు కట్టించిన ఇళ్ళలో ఒకటి వచ్చింది. ముందు గదిలోనే కంప్యూటర్ పెట్టుకుని మళ్ళీ నేర్పడం మొదలుపెట్టారు. నేను బస్సులో పోయేదాన్ని. దొంగకు తేలు కుట్టినట్టు ఆ సంగతి నాలోనే దాచుకుని పోయేదాన్ని. మొదటి కొస లోపలికి, రెండో కొస లోపలికి అని ఆయన చదువుతుంటే తల దించుకునేదాన్ని. ఒకసారి తెగించి "సార్, ఆ దినం..." అన్నాను. ఆయన టీ గ్లాసు పక్కన పెట్టారు.

"నాకు చెప్పకున్నా ఏం గాదు బిడ్డా. నేను కండ్లార చూసిన. చూడనోళ్ళకు చెప్పాలె."

మళ్ళీ పాఠంలోకి వెళ్ళిపోయారు. ఇంకెప్పుడూ ఎత్తలేదు.

చూడనివాళ్ళు ఎవరో నాకు తెలుసు. అమ్మ మణికట్టు వంకరగానే అతుక్కుంది. ఆ చేత్తో మళ్ళీ బీడీలు చుట్టలేకపోయింది. బాపు ఆ రోజు నుంచి సార్‌తో మాట మానేశాడు. దారిలో ఎదురైతే ముఖం తిప్పుకునేవాడు. "మగ్గం బాగుజేసుకుంట ఉండక వానికి కంప్యూటర్ ఎందుకు? నా పెండ్లాం చెయ్యి ఇరగ్గొట్టిండు" అని ఎన్నిసార్లు అన్నాడో. ప్రతిసారీ నేను కంచంలో అన్నం కలుపుతూనే ఉన్నాను. సార్ ఇప్పించిన సిఫారసుతోనే ఆసుపత్రిలో చేరాను. మొదటి జీతానికి బాపుకు చొక్కా కొన్నాను. సార్ పోయిన రోజు కూడా బాపు కుంభారికి రాలేదు, వాకిట్లో కూర్చుని చౌక్ వైపు చూస్తూ ఉన్నాడు. నేను ఒక్కదాన్నే పోయి వచ్చాను.

ఆసుపత్రిలో ఏదైనా కూలిపోతే నేను మొదట తెర దగ్గరికి పోను. ఫోన్ తీసి ఒక్కో వార్డుకూ చెబుతాను, రోగులకు ఏమీ కాలేదు, ఆగింది కంప్యూటరే, తప్పు మాది అని. ఆ తర్వాతే పని. కుర్రాళ్ళు విస్తుపోతారు, ముందు బాగుచెయ్యచ్చు కదా మేడం అంటారు. గేటు దగ్గర నిలబడ్డవాళ్ళకు ఒక్కో నిమిషం ఎంత పొడుగో వాళ్ళకు తెలియదు. ఆ మాత్రం సార్ దగ్గర నేర్చుకున్నాను. బయటివాళ్ళ ముందు తప్పు ఒప్పుకోవడం నాకు ఇప్పుడు మంచినీళ్ళు తాగినంత సులువు. ఇంట్లోనే చేతకాలేదు.

ఇదంతా నేను తెలుగులో రాస్తున్నాను. అందుకు ఒక కారణం చెప్పాలి. బాపు, అమ్మ మరాఠీ బడిలో చదివారు, వాళ్ళకు తెలుగు మాట్లాడటమే వచ్చు, చదవడం రాదు. కాగితాలు బల్ల మీద వదిలేసినా భయం లేదు. పదకొండేళ్ళ తర్వాత కూడా నేను అంత పిరికిదాన్నే.

వారం రోజులుగా రాస్తున్నాను. ఇందాక బాపు వచ్చి ఎదురుగా కూర్చున్నాడు.

"గిన్ని దినాల సంది ఏం రాస్తున్నవ్ బిడ్డా?"

నా నోటికి అబద్ధం వచ్చింది. ఆఫీసు పని అని. అది పెదవుల దాకా వచ్చి ఆగింది.

"అంబదాస్ సార్ గురించి" అన్నాను.

బాపు మూడు వేళ్ళతో మోకాలు రుద్దుకున్నాడు.

"మంచిగనే రాసినవా?"

"ఉన్నది ఉన్నట్టు రాసిన."

"చదువు మరి. చెవు వెట్టి ఇంట."

గోడకు ఆనుకుని కళ్ళు మూసుకున్నాడు. వంటింట్లోంచి అమ్మ, "జర గట్టిగ చదువు, నాకు గూడ ఇనవడాలె" అంటోంది. నా అరచేతులు తడిసిపోయాయి, కాగితం అంటుకుంటోంది. రాయడం ఇక్కడ ఆపుతున్నాను. చదవాలి.